గంట కొట్టేదాకా

ఇరవై రెండేళ్ళ వయసుకే నాకు గట్టి పంతులని పేరొచ్చింది. ఆ పేరు గుర్తొస్తే ఇప్పటికీ నా మీద నాకే అసహ్యం వేస్తుంది. ముసలితనంలో కోపాలు చల్లారిపోతాయని అంటారు. మిగతావాళ్ళ మీద కోపాలు చల్లారిన మాట నిజమే. నా మీద ఉన్నది మాత్రం అలాగే ఉంది.

మా నాన్న జయపురం సంస్థానంలో గుమస్తా. మావాళ్ళు విజయనగరం వైపు నుంచి వచ్చి, కలం పట్టుకుని ఈ కొండల్లో బతికినవాళ్ళు. నన్ను పార్వతీపురం పంపి పంతులు చదువు చదివించారు. అప్పటికి ఒరిస్సా వేరే రాష్ట్రం కాలేదు, మేమంతా మద్రాసు కిందే ఉండేవాళ్ళం. రాయగడ దగ్గర కొల్నారకి కాస్త దూరంలో, కొండ మొదట్లో ఉన్న ఒక చిన్న ఊరి బడికి నన్ను వేశారు.

బడంటే ఒక పొడుగాటి గది. మట్టి గోడలు, పైన గడ్డి కప్పు. రోడ్డు వైపు ఒక తలుపు, కొండ వైపు ఇంకో చిన్న తలుపు. కిటికీలకి వెదురు కడ్డీలు. పిల్లలు ముప్పై ఎనిమిది మంది. సగం మంది దేశియా మాట్లాడే కొండ పిల్లలు, కోదు పిల్లలు. మిగతావాళ్ళు శ్రీకాకుళం వైపు పల్లెల నుంచి వచ్చి ఏటి పక్కన పొలాలు చేసుకుంటున్న రైతుల పిల్లలు.

ఈ పిల్లలకి ఒకచోట కూర్చోవడమనేది తెలియదు. ఎక్కడో డప్పు మోగితే చాలు, లేచి పోయేవారు. ఇప్పపూలు రాలే రోజుల్లో బడి సగం అడవిలోనే ఉండేది. నేను బోర్డు వైపు తిరిగి ఒక అక్షరం రాసి మళ్ళీ ఇటు తిరిగేసరికి కొండ వైపు తలుపులోంచి ఇద్దరు మాయం. నేనా, ఊరుకునే రకం కాదు. వెళ్ళిన నెలలోపే ఆ చిన్న తలుపు పీకించి, అక్కడ వెదురు తడిక కట్టించి, దాని మీద మందంగా మట్టి మెత్తించేశాను.

ఏటి పక్క రైతుల్లో అందరికంటే ముందు వచ్చిన ముసలి నాయుడొకాయన ఉండేవాడు. ఊరికి ఆయనే పెద్ద. ఆయనొచ్చి ఆ తడికని అరచేత్తో తట్టి చూశాడు. గాలి రోజుల్లో కొండ మీద పోడు కాలుస్తారని, నిప్పు రవ్వలు ఊరి దాకా వస్తాయని, గడ్డి కప్పు కింద మనుషులున్నప్పుడు రెండు దార్లుండాలని మెల్లగా చెప్పాడు. గోడ వెంట నీళ్ళ కుండలు పెట్టమన్నాడు. కప్పు లాగెయ్యడానికి కొక్కెం కట్టిన పొడుగు వెదురు ఒకటి తయారుగా ఉంచమన్నాడు. ఊళ్ళో అందరికీ అది అలవాటే. ఫాల్గుణం నుంచి వానలు పడేదాకా పొద్దెక్కి గాలి లేవకముందే వంట ముగించి పొయ్యిలో నీళ్ళు పోసేసేవారు. ప్రతి గుమ్మం ముందూ కుండలుండేవి. బళ్ళు తనిఖీ చేసే సూపర్వైజరు గారొచ్చి ఇది బడా, చలివేంద్రమా అని అడుగుతారని నేను ఎగతాళి చేశాను. ఆయన వెళ్ళిపోయాడు.

తలుపు మూశాక పిల్లల్ని పట్టాను. చూరుకి ఒక ఇనప పట్టా ముక్క వేలాడేది, అదే మా గంట. గంట కొట్టేదాకా ఎవరూ చోటు కదలకూడదు. కొట్టాక కూడా ముందు వరస లేచి గడప దాటాలి, అప్పుడే రెండో వరస లేవాలి. ఇసకలో అక్షరాలు దిద్దే చిన్నవాళ్ళు అందరికంటే వెనక, కొండ వైపు గోడకి ఆనుకుని కూర్చునేవారు. వాళ్ళ వంతు ఆఖర్న వచ్చేది.

నియమం పెట్టి ఊరుకున్నా బాగుండేది. దాన్ని పరీక్షించాలని నాకు దుర్బుద్ధి పుట్టింది. ఒకనాడు నేను బయటికెళ్ళి గోడ చాటున నిలబడి, తలారి చేత ఎలుగుబంటి వచ్చిందని కేకలు పెట్టించాను. సగం బడి బయటికి పరిగెత్తుకొచ్చింది. వచ్చినవాళ్ళందరికీ అరచేతుల మీద బెత్తం. ఇంకో వారం బెల్లం పంచుతున్నారని పిలిపించాను. ఐదుగురే వచ్చారు. మూడోసారి నేనే గుమ్మంలో నిలబడి, ఇంక చాలు, లేవండి అన్నాను. ఒక్క పిల్ల లేచింది.

ఆ పిల్లకి పదేళ్ళుంటాయి. రైతు బిడ్డ. ఐదేళ్ళ తమ్ముణ్ణి చంకనేసుకుని ఏరు దాటి వచ్చేది. వాడు అక్క పక్కన లేకపోతే ఏడుస్తాడని ఇద్దర్నీ ఆఖరి వరసలోనే కూర్చోబెట్టేవాణ్ణి. రెండు దెబ్బలు తిన్నాక ఆ పిల్ల ఏడవలేదు. నిజంగా తెలుసుకుందామన్నట్టు నన్ను అడిగింది.

"మీరే లెగమన్నారు గదా బాబూ?"

గంట మోగిందా అని నేను ఎదురడిగాను. కాసేపు ఆలోచించి, మోగలేదని తల అడ్డంగా ఊపింది. వెళ్ళి కూర్చుంది. పాఠం ఒంటబట్టిందని నాకెంత సంతోషమో చెప్పలేను. ఆ తర్వాత సూపర్వైజరు వచ్చి, చీమ చిటుక్కుమన్నా వినిపించేలా ఉన్న ఆ గదిని చూసి నా భుజం తట్టాడు. కొండ పిల్లల చేత ఇంత క్రమశిక్షణ ఎలా పట్టించావయ్యా అన్నాడు. నేను పొంగిపోయాను.

అది చైత్రం. వారం నుంచీ కొండ మీద పోడు కాలుతోంది. రోజూ చూసే పొగే కాబట్టి ఎవరికీ పట్టింపు లేదు. ఉదయం పది దాటాక రోడ్డు మలుపు దగ్గరికి టపా మనిషి వచ్చే వేళయింది. ఇంటి నుంచి ఉత్తరం రావాలి. పిల్లలకి ఎక్కం ఇచ్చి, మనసులో చదువుకోమని చెప్పి వెళ్ళాను. బడి అక్కడి నుంచి రెండు పొలాల దూరం. ఉత్తరం తీసుకున్నవాణ్ణి తిన్నగా వెనక్కి రావచ్చు కదా. లోపల ముప్పై ఎనిమిది మంది ఉన్నారు, చప్పుడేమైనా వినిపిస్తోందా అని టపా మనిషిని అడిగాను. అతను చెవి పెట్టి విని, ఇవాళ బడికి సెలవేమో అన్నాడు. నేను గర్వంగా నవ్వాను. ఆ నవ్వు పూర్తి కాకముందే అతను నా వెనక్కి చెయ్యి చూపించాడు. పోడు పొగలే అన్నాను. పోడు పైనుంది, ఆ పొగ కిందుంది అన్నాడు.

నేను పరిగెత్తుకుంటూ వచ్చేసరికి కొండ వైపు కప్పు అంటుకుని ఉంది. పొలాల్లోంచి ఆడవాళ్ళు, మగవాళ్ళు పదిమంది దాకా వచ్చేశారు. తలుపు దగ్గర నిలబడి తెలుగులోనూ, దేశియాలోనూ, రండి, బయటికి రండి అని అరుస్తున్నారు. ఒక్క పిల్లా రావడం లేదు. నాకు మొదట అర్థం కాలేదు. ఒకామె లోపలికి దూరి తన కొడుకుని రెక్క పట్టి బయటికి లాక్కొచ్చింది. వాడు చెయ్యి విడిపించుకుని, మళ్ళీ లోపలికి పరిగెత్తి, తన చోట కూర్చుని చేతులు కట్టుకున్నాడు. అది నేను నా కళ్ళతో చూశాను. ఇన్నేళ్ళయినా నమ్మలేకుండా ఉన్నాను.

నేను గడపలో నిలబడి అరిచాను. లేవండి, పరిగెత్తండి అన్నాను. అందరూ నా మొహంలోకి చూస్తున్నారు. పొగకి కళ్ళు నీళ్ళు కారుతున్నాయి, దగ్గుతున్నారు, అయినా కదలరు. ముందు వరసలో ఇద్దరు ముగ్గురి పెదాల మీద చిన్న నవ్వు కూడా ఉంది. ఈసారి పంతులికి దొరకమని ఆ నవ్వు. వెనక నుంచి, పొగలోంచి, ఆ పిల్ల గొంతు వినిపించింది.

"గంట కొట్టనేదు గదా బాబూ."

ఎవరో నన్ను తోశారు. రోడ్డు వైపు చూరింకా అంటుకోలేదు. చేతికందిన రాయి పుచ్చుకుని ఆ పట్టా మీద బాదాను. ముందు వరస లేచింది. గడప దాటింది. రెండో వరస లేచింది. నేను వరస వద్దురా, అందరూ ఒక్కసారే రండి అని గొంతు చించుకుంటున్నాను. నా మాట ఎవరు వింటారు? వాళ్ళకి గంట ఒక్కటే తెలుసు, వరస ఒక్కటే తెలుసు. నడిచొస్తున్నారు. మేం చేతికందినవాళ్ళని అందినట్టు లాగి బయట పడేస్తున్నాం. ఆరో వరస గడప దాటుతుండగా వెనక కప్పు కూలింది.

ఆఖరి వరస తన వంతు కోసం కూర్చునే ఉంది.

నాయుడు గొడ్డలి పుచ్చుకుని గది వెనక్కి వెళ్ళి, నేను మెత్తించిన మట్టి తడికని నరికాడు. ఎండి రాయిలా ఉందది. నాలుగు దెబ్బలకి గానీ విరగలేదు. ఆఖరి వరస పిల్లలు సరిగ్గా దాని వెనకే ఉన్నారు. చేతులూ కాళ్ళూ కాలినా తక్కినవాళ్ళు బతికారు. ఆ పిల్ల తమ్ముడి మీద వంగి వాణ్ణి పొట్ట కింద పెట్టుకుని ఉంది. వాడికి జుట్టు చివర్లు మాత్రం మాడాయి. ఆ పిల్ల వీపంతా కాలిపోయింది.

ఆ సాయంత్రానికి రాయగడ నుంచి కాంపౌండరు బండి మీద వచ్చి సున్నపు తేటా నూనే కలిపి పూశాడు. బయటికొచ్చి తల్లితో ఏదో మెల్లగా అన్నాడు. మూడో రోజు తెల్లవారేసరికి పిల్ల పోయింది.

మధ్యలో, రెండో రోజు నేను వెళ్ళాను. వెళ్ళకుండా ఉండలేకపోయాను, వెళ్ళాక నిలబడలేకపోయాను. అరిటాకుల మీద బోర్లా పడుకోబెట్టారు. తల్లి పక్కన కూర్చుని ఈగలు తోలుతోంది. పిల్ల కళ్ళు తెరిచి నన్ను గుర్తుపట్టింది. ఏడుస్తుందనుకున్నాను, తిడుతుందనుకున్నాను, తిడితే బాగుండుననుకున్నాను.

"నాను లెగనేదు బాబూ," అంది. "తమ్ముణ్ణి కూడా లెగనియ్యనేదు."

అని నా మొహంలోకే చూస్తోంది. బళ్ళో పాఠం అప్పజెప్పాక అలాగే చూసేది. ఒప్పో తప్పో చెప్పాలి నేను. అంతకంటే ఏమీ అడగడం లేదు. నా నోట్లోంచి, మంచి పిల్లవమ్మా అనే మాట వచ్చింది. పిల్ల కళ్ళు మూసుకుంది.

వారం తర్వాత సూపర్వైజరు వచ్చాడు. ఊరివాళ్ళు చెప్పిందంతా రాసుకున్నాడు. అంత ప్రమాదంలోనూ పిల్లలు వరస తప్పకుండా నడిచొచ్చారని, అది పంతులి శిక్షణ ఫలమని తన పుస్తకంలో రాసి, అందరి ముందూ పైకి చదివాడు. నేను తల దించుకున్నాను. దుఃఖమనుకున్నారంతా. ఎలుగుబంటి సంగతీ, బెల్లం సంగతీ, నా పిలుపు సంగతీ నేను చెప్పలేదు. అక్కడున్న ముప్పై ఏడుగురు పిల్లలకీ అవి తెలుసు. ఒక్కరూ నోరెత్తలేదు. నోరెత్తకూడదని కూడా నేర్పింది నేనే.

కొత్త బడి పెంకులతో కట్టారు. రెండు తలుపులు నేనే దగ్గరుండి పెట్టించాను, బయటికి తెరుచుకునేట్టు, గడియల్లేకుండా. కుండలు వరసగా పెట్టించాను. కుక్క అరిచినా పిల్లలు లేచి పోయేవారు, పోనిచ్చాను. పంతులికి చేవ చచ్చిందన్నారు. అననిచ్చాను.

తట్టుకోలేకపోయింది మాత్రం ఆ తల్లిని. ఎవరు పలకరించడానికి వచ్చినా, మా అమ్మిని పంతులుగారు మంచి పిల్లన్నారు అని చెప్పేది. సంతలో చెప్పేది, ఏటి దగ్గర చెప్పేది. నేనెదురైతే పక్కనున్నవాళ్ళకి నన్ను చూపించి మరీ చెప్పేది. ఆ మాట విన్నప్పుడల్లా నాకు చచ్చిపోవాలనిపించేది.

ఏడాది గడిచాక నన్ను జయపురం వైపు మార్చారు. వెళ్ళేముందు ఒక మధ్యాహ్నం వాళ్ళింటికి వెళ్ళాను. ఆవిడ అరుగు మీద బియ్యం చెరుగుతోంది. ఎదురుగా కూర్చుని అంతా చెప్పేశాను. దొంగ కేకలు, దెబ్బలు, నేనే పిలిచి నేనే కొట్టడం, మూసేసిన తలుపు. నీ కూతుర్ని చంపింది నిప్పు కాదు, నేను అని కూడా అన్నాను. ఆవిడ చెరుగుతూనే ఉంది. నేను ఆపాక చాట కింద పెట్టింది.

"తెల్సు బాబూ," అంది. "దెబ్బలు తిన్ననాడే సెప్పేసింది."

మరి నన్నొక్క మాటైనా ఎందుకనలేదని అడిగాను. కోపం కూడా వచ్చింది నాకు, ఆవిడ మీద కాదు, దేని మీదో.

"ఏటి అనమంటారు? తప్పు సేసినానని ఎల్లనేదు బాబూ అది. మంచి పిల్లననుకుని ఎల్లిపోనాది. ఆ మాట మీరిచ్చినారు. ఇప్పుడెనక్కి తీసుకోకండి."

చాట అందుకుని మళ్ళీ చెరగడం మొదలుపెట్టింది. ఆవిడ బతికున్నన్నాళ్ళూ నేను ఈ సంగతి ఎవరి దగ్గరా ఎత్తలేదు. ఇప్పుడావిడ లేదు. ఇచ్చిన మాట వెనక్కి తీసుకోవడానికి కాదు నేనిది రాస్తున్నది. అది మంచి పిల్లే. ఆ మాట అనడానికి నేను తగను, అంతే.