నేను జప్తు చేయించిన ట్రాక్టర్

గెలిచిన కేసుల నేనే ఎట్ల ఓడిపోయిన్నో చెప్తా, చాయ్ తాగుకుంట వినుండ్రి. నవ్వితే మాత్రం మర్యాద దక్కదు.

మా ఆయన పరాయోడు కాదు, మా అమ్మకు సొంత అన్న కొడుకు. కొట్లాటై నిరుటి నుంచి నేను పిల్లనేసుకుని అమ్మగారింట్లనే ఉంటున్న. మా ఖర్చులకు నెలనెలా ఇయ్యాలని బాన్సువాడ కోర్టు చెప్పింది. ఇచ్చిండా? ఫోన్ చేస్తే కట్ చేస్తడు. తనకు కొత్త సెల్లు కొనుక్కునేటందుకు మాత్రం పైసలుంటయి. నాకు ఒళ్లు మండి, ఆయన ట్రాక్టర్ జప్తు చేయమని అర్జీ పెట్టిన. ఆర్డర్ వచ్చింది. అంతే, ట్రాక్టర్ మాయం.

"కనబడంగనే ఫోన్ చెయ్యమ్మా, జప్తు చేసేటందుకు కోర్టు అమీన్‌ను పంపిస్తరు" అన్నడు మా వకీలు.

కనబడింది. నేను బాన్సువాడల కుట్టుషాపుల పని చేస్త. ఆ రోజు మిషన్ మీద ఉంటే ఎదురుంగ రోడ్డు మీద అదే ట్రాక్టర్, కోటగిరి దిక్కు పోతున్నది. జాకెట్ చెయ్యి సగంల వదిలేసి ఫోన్ కొట్టిన. అమీన్ బండేసుకుని ఎంటబడ్డడు. ఆ పూటంత హాయిగ కుట్టిన.

పొద్దుమీకి ఇంటికి పోతే మా వాకిట్లనే ఉంది ట్రాక్టర్, ముందట కోర్టు కాగితం అంటించి. పక్కన నాయిన తల పట్టుకుని కూసున్నడు.

సంగతేందంటే, మా అమ్మ నాకు తెల్వకుంట మేనల్లునికి ఫోన్ చేసింది. "కాల్వ నీళ్లొచ్చినయి బిడ్డా, నాటుకు పొలం దమ్ము చేయించు" అన్నదట. మా పొలంల ఎప్పుడూ ఆ ట్రాక్టరే దిగుతది, కేసున్నా సరే. ఆయన డ్రైవర్‌నిచ్చి పంపిండు. మా ఊరు ఆ కోటగిరి తొవ్వలనే, బండి మా వాకిట్లకు రాంగనే అమీన్ పట్టుకున్నడు.

"ఎవరో పట్టించిన్రట" అన్నడు నాయిన నా దిక్కు చూసుకుంట. "బండి కదిలియ్యనని నాతోని సంతకం పెట్టించుకున్నరు."

బండి వాకిట్ల, పొలం ఇంటెనక, కదిలిస్తే నాయిన మీద కేసు. అందరికీ ఒక్కసారే నీళ్లొచ్చినయి, ఊళ్ల ఇంకో ట్రాక్టర్ దొరకదు. నారు ముదురుతున్నది. నాటు పడకపోతే ఏడాదంత తినుడెట్ల? అమ్మ నాతోని మాటలు బంద్ పెట్టింది.

ఇగ నేనే వకీలు దగ్గరికి పోయిన. "సార్, ఆ జప్తు తీసేయించుండ్రి." ఆయన కళ్లద్దాలు తీసి నన్ను చూసిండు. మా ఆయన కొంత కట్టి, మిగతాది పంట మీద ఇస్తనని రాసిచ్చిండు. జడ్జి మేడం కాగితం చూసి అడిగింది, "అటాచ్ చేయమన్నదీ మీరే, తీసేయమన్నదీ మీరేనా?"

"అవును మేడం, మా పొలం దున్నాలె" అన్న.

కోర్టుల ఉన్నోళ్లంత నవ్విండ్రు. అందరికన్న గట్టిగ మా ఆయన నవ్విండు. ఆ నవ్వు మీద ఇంకో కేసు పెట్టాలనిపించింది.

ఆర్డర్ తెచ్చినం. బండి నడిపెటోడేడి? డ్రైవర్ అప్పటికే పిట్లంల వేరే ట్రాక్టరెక్కిండు. నాయినకు సైకిల్ తప్ప ఏదీ రాదు. ఆఖరికి మా ఆయనే వచ్చి స్టీరింగ్ పట్టిండు. దమ్ము చేసెటోనికి అన్నం పొలమోళ్లే పెట్టాలె. అమ్మేమో సరిగ్గ అప్పుడే నడుమునొప్పని మంచమెక్కింది.

తిండికి ఇప్పియ్యమని కోర్టుకెక్కింది నేను. గట్టు మీదికి టిఫిన్ మోసుకపోయి ఆయనకు పెడుతున్నది గూడ నేనే. నిన్న తిని, చెయ్యి కడుక్కుంట ఏమన్నడో తెలుసా? "కూరల ఉప్పు తక్కువైంది, లతా."

నాకు ఎంత కోపమొచ్చిందో చెప్పలేను. ఇయ్యాల రెండుసార్లు రుచి చూసి మరీ మోసుకపోయిన.