ఎడమవైపు స్పీకరు

ఏలూరులో హోం థియేటర్ కొనుక్కున్న వాళ్ళు మదార్ మర్యాద గురించి చెప్పుకునేవారు. చలపతిరావు గారి టీవీ షాపు నుంచి అట్టపెట్టెలతో వచ్చి, స్పీకర్లు గోడలకు బిగించి, డీవీడీ ప్లేయరును టీవీకి కలిపి, చివర్న ఇంటివాళ్ళను సోఫాలో కూర్చోబెట్టేవాడు. "మీరు చెప్పాలండి. వినేది మీరు కదండీ. ఎటు ఎక్కువగా ఉందండి?" అని అడిగేవాడు. వాళ్ళు చెయ్యి చూపించిన వైపు తగ్గించేవాడు. ఇంత గౌరవమిచ్చే మెకానిక్కు ఎక్కడ దొరుకుతాడని అందరికీ ముచ్చట.

మా ఇంటికి అతను 2006 వేసవిలో వచ్చాడు. అప్పటికి మా మనోజ్‌కి పది నెలలు. పిలిస్తే తిరిగేవాడు కాదు. నేను వాడి వెనక నిలబడి గిన్నె మీద చెంచాతో కొట్టి చూసేదాన్ని. ఒకసారి తిరిగేవాడు, ఒకసారి తిరిగేవాడు కాదు. ఫిజిక్స్ చదువుకున్న బుర్ర ఊరుకునేది కాదు. వాడు తిరిగింది చెంచా చప్పుడుకా, గోడ మీద కదిలిన నా నీడకా? డాక్టరుగారు ఇంకొన్నాళ్ళు చూద్దామన్నారు. తాడేపల్లిగూడెంలో ఉద్యోగం చేసే మా ఆయన హోం థియేటర్ కొందామనగానే నేను ఒప్పుకున్నది పాటల కోసం కాదు. మనిషి కదలకుండా వెనక నుంచి చప్పుడు వస్తుందని.

మదార్ నిచ్చెనెక్కి వెనక స్పీకర్లు బిగిస్తుంటే మా అత్తగారు హన్నమ్మ గారు కింద నిలబడి అనుమానంగా చూశారు.

"ఏమయ్యా, ఈ డబ్బాల మోతకి మా ఇల్లు కూలదు కదా?"

"కూలదండి అమ్మగారూ. బల్లులు మటుకు ఇల్లు ఖాళీ చేస్తాయండి."

"అయితే గట్టిగానే పెట్టు!"

పని చేస్తూనే తన సంగతులు చెప్పాడు. వాళ్ళ నాన్న తంగెళ్ళమూడిలో తివాచీలు నేసేవాడట. రోజంతా మగ్గం ముందు వంగి కూర్చునే బతుకు తనకొద్దని, కుర్రతనంలోనే రేడియో రిపేరు నేర్చుకున్నాడట. "హాల్లో తివాచీ వేసుకోండమ్మా, మోత తగ్గుతుంది. మా నాన్న పని నా పనికి అక్కరకొచ్చేది అందుకొక్కదానికేనండి," అని నవ్వాడు.

అంతా కలిపాక నేను అడిగాను. "వెనక స్పీకరు ఒక్కటే మోగించగలరా మదార్ గారూ?"

"టెస్ట్ నొక్కితే ఒకదాని తర్వాత ఒకటి మోగుతాయమ్మా."

మనోజ్‌ను టీవీ వైపు ముఖం పెట్టి చాప మీద కూర్చోబెట్టాను. మదార్ కూడా వాడి పక్కనే టీవీ వైపు తిరిగి నిలబడి రిమోట్ నొక్కాడు. ముందున్నవి చుయ్‌మన్నాయి. తర్వాత వెనక, ఎడమవైపుది మోగింది. మనోజ్ చప్పున ఎడమవైపుకి తిరిగి గోడ మీదికి చూశాడు. నా కళ్ళు మసకబారాయి.

ఆ మసకలోనే కనిపించింది. మదార్ కుడివైపుకి తిరిగి చూస్తున్నాడు.

"కుడిది బాగా పలుకుతోందండి," అన్నాడు.

"అది ఎడమదండి."

రిమోట్ మీద అతని వేలు ఆగిపోయింది. చప్పుడు ఒక చెవికి ముందు, రెండో చెవికి రవ్వంత వెనక చేరుతుంది. ఆ తేడాను బట్టే అది ఎటు నుంచి వచ్చిందో తెలుస్తుంది. ఒక్క చెవే పనిచేసేవాడికి చప్పుడు వినిపిస్తుంది, దిక్కు తెలియదు. అందరినీ సోఫాలో ఎందుకు కూర్చోబెట్టేవాడో అప్పుడు అర్థమైంది.

"జ్వరమొచ్చి ఎడమ చెవి పోయిందమ్మా," అన్నాడు మెల్లగా. "షాపులో తెలిస్తే ఇక పంపరు. ఎవరితోనూ అనకండమ్మా."

"అననండి."

"ఏమంటున్నాడే?" అన్నారు అత్తగారు.

"బాబుకి వినిపిస్తోందంటున్నారు అత్తయ్యగారూ."

"దేవునికి స్తోత్రం!" అంటూ ఆవిడ అతనికి టీ పెట్టడానికి వెళ్ళారు. మదార్ మనోజ్ తల నిమిరాడు.

ఆ మరుసటి ఏడాది తివాచీ కొందామని తంగెళ్ళమూడి వెళ్ళాము. మగ్గం ముందు వంగి కూర్చుని మదార్ కనిపించాడు. పనిలో మునిగి మమ్మల్ని చూడలేదు. అతని భార్య అమీనా నన్ను అరుగు మీద కూర్చోబెట్టి జరిగింది చెప్పింది.

కలిదిండిలో చేపల చెరువులున్న బాపిరాజు గారి కొత్త ఇల్లు. స్పీకరు తీగలు గోడలోంచి వచ్చాయి, అన్నిటిదీ ఒకే రంగు. ఏది ఎటుదో మోగించి వినే తెలుసుకోవాలి. స్పీకర్లేమో పైన శ్లాబు దగ్గరున్నాయి, ఎక్కి చెవి ఆనించి విందామంటే నిచ్చెన రంగులవాళ్ళు పట్టుకుపోయారు. సోఫాలో కూర్చోబెట్టడానికి ఇంట్లో ఎవరూ లేరు, చెరువులో చేపలు పట్టించడానికి వెళ్ళిపోయారు. మదార్ ఉజ్జాయింపుగా కలిపి వచ్చేశాడు. సాయంత్రం బాపిరాజు గారు చుట్టాలందరి ముందూ సినిమా వేస్తే, తెర మీద ఎడమకి పోయే రైలు కుడి చెవిలో కూత పెట్టింది. షాపుకి ఫోన్ చేశారు.

"కుడి ఎడమ తెలీనోణ్ణి పంపుతారేంటండీ చలపతిరావు గారూ!"

ఆయన తిట్టుగా అన్న మాట నిజమని, మర్నాడు షాపులో స్పీకర్లు మోగించి అడిగేసరికి చలపతిరావు గారికి తెలిసిపోయింది. పనిలోంచి తీసేశారు.

"ఇప్పుడు కుడి చెవిలో కూడా హోరంటున్నారండి," అంది అమీనా.

ఇంతలో మనోజ్ నా చెయ్యి విడిపించుకుని మగ్గానికి ఎడమవైపు చేరాడు. "అంకుల్!" అని అరిచాడు. మదార్ కుడివైపు గుమ్మంలోకి చూశాడు. అక్కడ ఎవరూ లేరు. వాడు ఆట అనుకుని పకపకా నవ్వి మళ్ళీ పిలిచాడు. మదార్ మళ్ళీ గుమ్మం వైపే చూశాడు. అమీనా ముఖం పక్కకి తిప్పుకుంది.

మూడోసారి పిలిస్తే మదార్ ఎటూ తిరగలేదు. దారానికి ముడి వేస్తూ, "ఎదురుగా రా నాన్నా," అన్నాడు.