సముద్రం మీద ఆరున్నొక్కటి

మా తమ్ముడు వీరబాబు కూతురు కోటేశ్వరి సాధించిన మొదటి పెద్ద విజయం, విశాఖపట్నం నుంచి పోర్ట్ బ్లెయిర్‌కు తెరచాప పడవలో ఒక్కతే చేరడం. అంతకు ముందు రెండుసార్లు వెనక్కి వచ్చింది. ఒకసారి తెరచాప చిరిగి, ఇంకోసారి జ్వరం తగిలి. మూడోసారి చేరింది. మాది పొదిలి దగ్గర మెట్ట ఊరు. తాగేనీళ్లకు ట్యాంకరు కోసం చూసే చోట పుట్టిన పిల్ల సముద్రం దాటిందంటే సామాన్యమైన సంగతి కాదు.

గాలితో ఆమెకు స్నేహం కుదిరింది మిరప కల్లంలో. చిన్నప్పుడు ఒక మధ్యాహ్నం, కాయల మీద కప్పిన పట్టా పైరగాలికి లేచిపోతుంటే రెండు కొసలూ పట్టుకుని వేలాడింది. గాలి ఆమెను ఎర్రటి కాయల మీదుగా కల్లం చివరిదాకా ఈడ్చుకుపోయింది. మోకాళ్లు చెక్కుకుపోయినా నవ్వుతూనే లేచింది.

"పెదనాన్నా, ఇంకాస్త పెద్ద పట్టా అయితే ఒంగోలు దాకా పోయేదాన్ని!"

విశాఖలో డిగ్రీ చదువుతూ ఎన్.సి.సి. నేవీ విభాగంలో పడవ నడపడం నేర్చింది. పోటీల్లో రెండు బంగారు పతకాలు. పోర్ట్ బ్లెయిర్ తర్వాత ట్రింకోమలీ, మాల్దీవులు, అన్నీ ఒంటరిగానే. ఆ ప్రయాణాలనే మూడు పుస్తకాలుగా రాసింది. మొదటిది నాలుగో ముద్రణకు వచ్చింది. వెన్నెల్లో సముద్రపు నురగ అచ్చం పగిలిన పత్తిచేనులా ఉంటుందని అందులో రాసింది. ఆ చేనుకు గట్లుండవట. ఆ తెల్లదనంలో పడవ తన దారి తానే చూసుకుంటూ పోతుందట. చదువుతుంటే మనం పడుకున్న మంచం కూడా మెల్లగా కదిలినట్టుంటుంది.

ఈసారి మారిషస్ వెళ్లి, తిరుగుదారి పట్టింది. లంక దాపుల్లోకి వచ్చేసరికి పడవ ఎక్కడుందో చూపే యంత్రం పాడైంది. శాటిలైట్ ఫోను ఒక్కటే మిగిలింది, అదీ మాట సగం మింగేస్తుంది. సూర్యుణ్ణి చూసి పిల్ల తానే లెక్కగట్టిన అక్షాంశాన్ని విశాఖలో ఉన్న స్నేహితురాలు అఫ్రోజ్ ఆ ఫోనులో అందుకుని మాకు చెబుతుంది. భూమధ్యరేఖ దాటాక ఆ డిగ్రీల అంకె పెరిగేకొద్దీ పిల్ల ఇంటికి దగ్గరవుతున్నట్టు. మొన్న ఆరున్నర అన్నారు. నిన్న పొద్దున అఫ్రోజ్ హడావుడిగా ఫోను చేసింది.

"పెదనాన్నగారూ, ఆరు పాయింట్ ఒకటి అటండీ. వెనక్కి పోతోంది. నీటివాలు లాగేస్తున్నట్టుంది. ఓడ పంపమని అడగమంటారా?"

ఓడ వస్తే పిల్ల క్షేమం. కానీ పడవను నడిసముద్రంలో వదిలేయాలి, ప్రయాణం అక్కడితో సరి. వీరబాబు అరుగు మీద కూలబడ్డాడు. కోటేశ్వరి తల్లి సుబ్బరావమ్మ నా చేతిలో ఫోను లాక్కుంది.

"అది ఏమందో అదే చెప్పమ్మా. నీ సొంతం కలపమాక."

"'ఆరున్నొక్కటి' అంది ఆంటీ. అంటే ఆరు పాయింట్ ఒకటే కదా?"

సుబ్బరావమ్మ నెత్తి కొట్టుకుంది. కళ్లలో నీళ్లు, నోట్లో నవ్వు.

"ఓసి నా తల్లీ, అది ఏడే! గింజలు కొలిచేటప్పుడు మేం ఏడు అనం, ఏడుపొస్తుందని. ఆరున్నొక్కటి అంటాం."

"సముద్రంలో గింజలెవరు కొలుస్తున్నారు ఆంటీ?"

"నా కూతురు సముద్రాన్నే కొలుస్తోందిగా!"

వీరబాబుకు ప్రాణం లేచొచ్చింది. "చూశావా అన్నయ్యా, మూడు పుస్తకాలు రాసినా వాళ్లమ్మ పెట్టిన భయం పోలా!"

"పోతే నేనూరుకుంటానా?" అంది సుబ్బరావమ్మ.

ఓడ మాట మళ్లీ ఎవరూ ఎత్తలేదు. పిల్ల ఇంటివైపే వస్తోంది, గాలీ అనుకూలంగానే ఉంది. అఫ్రోజ్ ఏడు దగ్గర్నుంచి మళ్లీ లెక్క కట్టి చెప్పింది. కోటేశ్వరి విశాఖ రేవులో దిగేది 2026 మార్చి 14, శనివారం.