హాలేజ్ కాకకు నేనిచ్చిన అష్యూరెన్స్

ఆ రోజుల్లో గోదావరిఖనిలో ఇంగ్లీషు రానివాళ్లు కూడా ధారాళంగా వాడే ఇంగ్లీషు మాటలు కొన్ని ఉండేవి. షిఫ్టు, డ్యూటీ, ఫిట్, అన్‌ఫిట్. వీటికి తెలుగేమిటని అడిగితే అడిగినవాణ్నే వింతగా చూసేవారు. ఆ వరసలో కొత్తగా చేరిన మాట అష్యూరెన్స్. గని గేటు మీటింగులో యూనియన్ నాయకుడు మైకు పట్టుకుని "మనకు అష్యూరెన్స్ దొరికింది" అంటే ఏం దొరికిందో తెలియకపోయినా చప్పట్లు మోగేవి. బీమా ఏజెంటు సంచీ మీద ఆ మాటే ఉండేది. పెళ్లి సంబంధం చూడవచ్చినవాళ్లు కూడా పిల్లవాడి ఉద్యోగం గురించి ఏదైనా అష్యూరెన్స్ ఉందా అని అడిగేవారు. నాకప్పుడు ఇరవై మూడేళ్లు. బీఏ మూడో ప్రయత్నంలో గట్టెక్కిన ఊపులో, చౌరస్తాకు దగ్గరలో ఒక టైర్ల దుకాణం పైగది తీసుకుని స్పోకెన్ ఇంగ్లీషు క్లాసులు పెట్టాను. నలభై రోజుల్లో ఇంగ్లీషు, పూర్తి అష్యూరెన్స్‌తో అని బోర్డు రాయించాను. (రాస్తూ రాస్తూ పెయింటరు కుంచె ఆపి, "మీకొస్తది గద సార్?" అని అడిగాడు.)

రోజుకొక మాట తీసుకుని దాన్ని అటూ ఇటూ తిప్పి చెప్పడం నా పద్ధతి. ముందురోజు సాయంత్రం డిక్షనరీలో చదువుకుని, పొద్దున్నే పుట్టుకతో వచ్చిన విద్యలా చెప్పేవాణ్ని. బోర్డు మీద ఉన్న మాటే గనక ఒకరోజు అష్యూరెన్స్ వంతు వచ్చింది. హామీ అన్నాను. కింద దుకాణంలో పంక్చర్లు వేసే మెకానిక్ భాయి, ఇంట్లో దక్కనీ ఉర్దూ మాట్లాడేవాడు, అది భరోసా అన్నాడు. నర్సింగ్ చదివే అమ్మాయి ధీమా అంది. ఒకరు బీమా అన్నారు, ఒకరు నమ్మకం అన్నారు. అన్నీ ఒప్పేనని, మనిషి తన మీద తాను పెట్టుకునేది ధీమా అని, ఎదుటివాడికి ఇచ్చేది హామీ అని, ఇంగ్లీషువాడు పొదుపరి గనక అన్నింటికీ ఒకే మాట పెట్టుకున్నాడని చెప్పాను. నా తెలివికి నాకే ముచ్చటేసింది. అప్పుడు వెనక బెంచీ నుంచి ఒక పెద్దాయన చెయ్యెత్తి, "మరి ఇచ్చినోడు నిలబెట్టుకోకపోతే దాన్నేమంటరు సారూ?" అని అడిగాడు. డిక్షనరీ ఆ పేజీ, వెనక పేజీ తిరగేశాను. రేపు చెబుతానన్నాను.

ఆయనే హాలేజ్ కాక. గనిలో బొగ్గు తొట్లను ఇనుప తాడుతో పైకి లాగే యంత్రాన్ని హాలేజ్ అంటారు. ముప్పై ఏళ్లుగా దాని దగ్గరే పని కాబట్టి అందరూ ఆయన్ని అలాగే పిలిచేవారు. మొదటి షిఫ్టు చేసినరోజు సాయంత్రం క్లాసుకూ, రెండో షిఫ్టు ఉన్నరోజు పొద్దుటి క్లాసుకూ వచ్చేవాడు. పైగదికి పదిహేను మెట్లుంటే మధ్యలో రెండుసార్లు ఆగేవాడు. ఆయన దగ్గు కింద వినిపించగానే నేను పాఠం ఆపేవాణ్ని, ఎందుకంటే ఆయన పైకి చేరేలోపు ఎలాగూ ఇంకేమీ వినపడదు.

ఈ వయసులో ఇంగ్లీషెందుకు కాకా అని అడిగితే విషయం చెప్పాడు. వచ్చే నెలలో రమ్మని ఆయన్ని కంపెనీ డాక్టర్ల మెడికల్ బోర్డు పిలిచింది. తెలియనివారికి ఇక్కడ ఒక ముక్క చెప్పాలి. లోకమంతా డాక్టరు దగ్గరికి వెళ్లి బాగున్నావని చెప్పించుకోవాలనుకుంటుంది. మా బొగ్గు బెల్టులో మాత్రం పనికిరావని చెప్పించుకోవాలని మొక్కుకునేవారు. తండ్రి అన్‌ఫిట్ అయితే ఆ కొలువు కొడుక్కు వచ్చే వీలుండేది. ఫలానావాడు అన్‌ఫిట్ అయ్యాడంటే చుట్టాలు వచ్చి అభినందించేవారు, ఇంట్లో స్వీట్లు పంచేవారు. అన్‌ఫిట్ అయినవాడు దండ వేసుకుని ఫొటో దిగడం కూడా నేను చూశాను. అయితే దానికో గడువుంది. రిటైర్మెంటు దగ్గరపడ్డాక అన్‌ఫిట్ అయినా కొడుక్కు ఏమీ రాదు. కాకకు ఆ గడువు ముగియవచ్చింది. ఇదే ఆఖరి బోర్డు. ఆయన కొడుకు ఐటీఐ చదివి, నాలుగేళ్లుగా ఆ ఒక్క కొలువు మీదే ఆశపెట్టుకుని, అద్దె ఆటో నడుపుకుంటున్నాడు.

"అక్కడ పెద్ద సార్లంత ఇంగ్లీషుల మాట్లాడుకుంటరు సారూ. కిందటిపాలి నన్ను ముంగట నిలబెట్టి నా గురించే మాట్లాడిన్రు, నాకు ఒక్క ముక్క సమజ్ కాలే. ఈసారి నా బాధ నేనే చెప్పుకోవాలె," అన్నాడు కాక.

నాకు ఒళ్లు పులకరించింది. అంతవరకూ నా విద్య ఎవరికీ ఏ పనికీ వచ్చింది లేదు. ఇక్కడ ఒక మనిషి జీవితం, ఆయన కొడుకు జీవితం నా చేతుల్లో ఉన్నాయి. మరునాటి నుంచి క్లాసయ్యాక ఆయనకు విడిగా గంటసేపు చెప్పడం మొదలుపెట్టాను. నాలుగేళ్లుగా ఊపిరాడటం లేదని, మెట్లెక్కలేనని, రాత్రిళ్లు కూర్చునే నిద్రపోతానని ఆరు వాక్యాలు రాసి బట్టీ పట్టించాను. వాక్యాలతో ఆగితే బాగుండేది. ఏదో పుస్తకంలో చదివాను కదా, మనిషి నిలబడే తీరులోనే సగం భాష ఉంటుందని. వీపు నిటారుగా పెట్టాలన్నాను. ఛాతీ ముందుకు రావాలన్నాను. ఎదుటివాడి కళ్లలోకి చూడాలి, గొంతు వణకకూడదు, మాట మధ్యలో అస్సలు దగ్గకూడదు, దగ్గితే వాక్యం తెగిపోతుంది అన్నాను. గోడకు ఆనించి నిలబెట్టి మరీ సాధన చేయించాను. పాపం ఆ మనిషి కళ్లలో నీళ్లు తిరిగేదాకా దగ్గు బిగబట్టేవాడు. నేను వాచీ చూసి, నిన్నటికంటే నయం అనేవాణ్ని.

ఒకరోజు కాక భార్య, నేను చిన్నమ్మా అని పిలిచే ఆవిడ, టిఫిన్ డబ్బా తెచ్చి, గుమ్మంలో నిలబడి మా సాధనంతా చూసింది. "అందరు బోర్డుకు పోయేటప్పుడు దగ్గుడు నేర్సుకొని పోతరు. ఈయనకు దేవుడిచ్చిన దగ్గు ఉండంగ నువ్వు దగ్గద్దని నేర్పుతున్నవేంది బిడ్డా?" అంది. ఆ ఊళ్లో ఆ నెలలో ఎవరైనా తెలివిగా మాట్లాడారంటే అది ఆవిడొక్కతే. నేను మాత్రం నవ్వి, చదువుకున్న డాక్టర్లు నాటకాలు కనిపెడతారని, నిజాన్ని ధైర్యంగా చెప్పేవాడికే విలువిస్తారని, నాది అష్యూరెన్స్ అని చెప్పాను. చిన్నమ్మకు ఆ మాట అర్థం కాలేదు గానీ, నా ముఖం చూసి డబ్బా బెంచీ మీద పెట్టి వెళ్లిపోయింది.

బోర్డు రోజు నేనూ వెంట వెళ్లాను. పెద్ద దవాఖాన వరండాలో పొడుగాటి బెంచీల నిండా మనుషులు. బస్టాండు నుంచి చకచకా నడిచివచ్చినవాళ్లు దవాఖాన గేటు దాటగానే కుంటడం మొదలుపెడుతున్నారు. ఒకాయన పక్కవాడికి మూలగడం ఎలాగో చూపిస్తున్నాడు. వాళ్ల మధ్య మా కాక ఇస్త్రీ చొక్కా టక్ చేసుకుని, నూనె రాసి తల దువ్వుకుని, పెళ్లికి వచ్చినవాడిలా ఉన్నాడు. ఆ చొక్కా ఎంపిక కూడా నాదే. పిలుపు వచ్చింది. తలుపు ఓరగా ఉండటంతో నాకు లోపలి మాటలు వినిపించాయి. "గుడ్ మార్నింగ్ సార్స్" అన్నాడు కాక, ఖంగుమనే గొంతుతో. ఆరు వాక్యాలూ వరసగా, ఎక్కడా తొట్రుపాటు లేకుండా వచ్చాయి. చివర నేను నేర్పని థాంక్యూ కూడా కలిపాడు. లోపల కుర్చీ జరిగిన చప్పుడు, ఎవరో వెరీ గుడ్ అనడం వినిపించాయి. వరండాలో నేను పిడికిలి బిగించి గాలిలో ఊపాను.

వారం తర్వాత లిస్టు వచ్చింది. గేటు దగ్గర కుంటడం నేర్చుకున్నవాళ్ల సంగతి నాకు గుర్తులేదు. కాక పేరు పక్కన ఫిట్ అని ఉంది. ఎక్స్‌రేలూ పరీక్షలూ అటూ ఇటూ కాకుండా ఉన్నాయని, ఆఖరి మాట మనిషిని చూసి చెప్పారని తర్వాత ఎవరో అన్నారు. డాక్టర్లను ఏమనగలం? ఛాతీ విరుచుకుని, ఆరు వాక్యాలు గుక్క తిప్పుకోకుండా చెప్పి, నాకు గుక్క తిరగడం లేదంటే ఎవరు నమ్ముతారు? ఆ మనిషిని అలా తయారుచేసింది నేను.

నాలుగు రోజులు నేను బజారులో ముఖం చూపించలేదు. అయిదో రోజు సాయంత్రం మెట్ల మీద ఆ దగ్గు వినిపించింది. కాక వచ్చి తన బెంచీలో కూర్చుని నోటుబుక్కు తెరిచాడు. ఆ రోజు ఏం చెప్పానో నాకే తెలియదు. అందరూ వెళ్లాక దగ్గరికి పోయి, కాకా తప్పయిపోయింది అన్నాను. లోపల ఒక్కసారైనా దగ్గు రాలేదా అని కూడా అడిగాను, సిగ్గులేకుండా.

"ఎందుకు రాదు సారూ. రెండుసార్లు వచ్చింది. మింగిన. నువ్వు దగ్గద్దంటివి గద," అన్నాడు. నోటుబుక్కు మూసి, "పెద్ద సారు లేసి నాకు చెయ్యి కలిపిండు. ఇన్నేండ్ల సర్వీసుల ఎవలు కలిపిన్రు? గప్పుడే నాకు సమజయింది, పని ఖరాబైతున్నదని. దగ్గుదామనుకున్న. మల్ల, ఇంత మంచిగ మాట్లాడినంక ఎట్ల దగ్గాలె అనిపిచ్చింది," అన్నాడు.

దాని తర్వాత దగ్గాడు, మింగిన రెండూ కలిపి. నేను మంచినీళ్ల గ్లాసు పట్టుకుని నిలబడ్డాను. అంతకంటే చేయగలిగింది నాకు ఏ భాషలోనూ తెలియదు. కాక మళ్లీ గనిలోకి దిగాడు, రిటైరయ్యేదాకా దిగుతూనే ఉన్నాడు. నేను మాత్రం ఆ నెలాఖరుకు బోర్డు దించేశాను.

తెలంగాణ రాష్ట్రం వచ్చిన ఏడాది ఏదో పెళ్లికి గోదావరిఖని వెళ్లాను. అప్పటికి నేను వేరే ఊళ్లో ఒక కాలేజీలో పిల్లలకు ఇంటర్వ్యూలలో ధైర్యంగా మాట్లాడటం నేర్పుతున్నాను. (నవ్వకండి, ఇంకో పని రాదు.) బస్టాండులో ఆటో ఎక్కితే నడిపేవాడు అద్దంలోంచి నన్ను అదేపనిగా చూసి, మా నాయినకు ఇంగ్లీషు నేర్పిన సార్‌వు గదా అన్నాడు. అద్దె ఆటో పోయి సొంతదయింది, జుట్టు పలచబడింది. నాకు ఆటోలోంచి దూకెయ్యాలనిపించింది. కాక ఎలా ఉన్నాడని అడగడానికి రెండు మలుపుల దూరం పట్టింది. పోయి ఏడాదిన్నర అయిందన్నాడు. తిడతాడని ఎదురుచూశాను, తిడితే బాగుండుననిపించింది. అతను ఆటో వేగం తగ్గించి, ఆఖరి రోజు సంగతి చెప్పాడు.

"దవాఖానల మూతికి గాలి మాస్కు పెట్టిన్రు సార్. పెద్ద డాక్టర్ వచ్చి, ఎట్లున్నది తాతా అని తెలుగులనే అడిగిండు. మా నాయిన మాస్కు పక్కకు జరిపిచ్చుకొని, అంగీ సదురుకొని, లేసి కూసున్నడు. ఫైన్ సార్, థాంక్యూ అన్నడు. డాక్టర్ బిత్తరపోయిండు. నాకైతే నవ్వొచ్చింది సార్, గప్పుడు గుడ."

చెబుతూ అతను మళ్లీ నవ్వాడు. నాకూ నవ్వొచ్చింది. టక్ చేసిన ఆ ఇస్త్రీ చొక్కా, వాచీ చూస్తూ నిలబడ్డ ఇరవై మూడేళ్ల ఆ సారువారు కళ్లముందు కనబడ్డారు. ఇద్దరం కాసేపు గట్టిగానే నవ్వుకున్నాం. నేను దిగాల్సిన ఫంక్షన్ హాలు ఎప్పుడో దాటిపోయింది. అతను ఆపలేదు, నేనూ ఆపమనలేదు.