కుందుర్పిలో లొంగని సముద్రపు కోట

ఆ రోజుల్లో బి.ఇడి. పట్టా చేతికి రాగానే లోకంలోని చరిత్రంతా తన సంచిలోనే ఉందనుకునే కుర్ర పంతుళ్లు ఊరికొకరు ఉండేవారు. అరవైల మొదట్లో కుందుర్పి హైస్కూలుకి దక్కినవాణ్ణి నేను. వార్షికోత్సవానికి ఇన్‌స్పెక్టరుగారు వస్తున్నారనీ, ఆయన మెచ్చితేనే నా ఉద్యోగం ఖాయమవుతుందనీ తెలిసి, ఏటా వేసే పౌరాణికాన్ని పక్కనపెట్టించి, అమెరికా అంతర్యుద్ధానికి నాంది పలికిన సముద్రపు కోట కథను నాటకంగా రాశాను. నాలుగు ఎద్దుబండ్లు నిలబెట్టి గోనెపట్టలు కప్పితే కోట. దాని ముందు ఆరు నీలం చీరలు పరిస్తే సముద్రం. (మా ఊళ్లో అన్ని నీళ్లు ఒక్కచోట కనపడి రెండేళ్లయింది.) కోట సేనాని మా డ్రిల్లు మాస్టరు, శత్రువులు పదో తరగతి పిల్లలు. కథ చిన్నదే. శత్రువులు ఒడ్డు నుంచి ఫిరంగులు పేలుస్తారు, తిండి తెచ్చే ఓడ లోపలికి రాలేకపోతుంది, గింజలు నిండుకుని సేనాని కోట అప్పగిస్తాడు.

"ఇంత చప్పగా లొంగిపోతే జనం ఒప్పుకోరప్పా" అన్నాడు హెడ్మాస్టరు.

"చరిత్ర సార్! మార్చేదానికి మనమెవరం?" అన్నాను ఛాతీ విరుచుకుని.

ఆ సాయంత్రం టపాకాయల ఫిరంగులు బ్రహ్మాండంగా పేలాయి. పొగలోంచి వచ్చిన డ్రిల్లు మాస్టరు నేను రాసిచ్చిన గ్రాంథికం కాస్తా మరిచిపోయి, సొంత మాటలు ఎత్తుకున్నాడు. "మూడు దినాలైంది కూడు తిని! గింజ లేదు. ఇంగ నా వల్ల కాదు!" అంటూ బండిచక్రం పట్టుకుని నిజంగానే కూలబడ్డాడు. (కరువు చూసినవాడు కదా, నటించాల్సిన పని పడలేదు.) నేను తెర పక్కన గర్వంతో ఉబ్బిపోతున్నాను.

అంతలో పక్కపల్లె నుంచి నడిచి వచ్చిన ఒక అవ్వ జనంలోంచి లేచింది. "అయ్యో నాయనా! ఊరంతా ఈడుండి ఒక్కరూ ఇంత కూడు పెట్టలేదా?" అంటూ సముద్రాన్ని తొక్కుకుంటూ నేరుగా కోటలోకి పోయి, మూట విప్పింది. జొన్నరొట్టెలు, మిరపకాయ కారం.

"అవ్వా, ఇది నాటకం!" అన్నాడు సేనాని.

"నాటకమో గీటకమో, ముందు తిను!"

తిన్నాడు. జనం ఈలలు వేశారు. ఆ ఊపులో సేనాని మూతి తుడుచుకుని, "ఇంగ లొంగను పోండి!" అని గర్జించాడు. శత్రు నాయకుడు నా వైపు బిక్కమొహం పెట్టాడు. "కాల్చండ్రా!" అన్నాను పళ్లు కొరుకుతూ. "టపాకాయలు అయిపోయినాయి సార్!"

తెర దించేశాం. ఇన్‌స్పెక్టరుగారు నన్ను పిలిపించారు. "ఏమయ్యా, ఆ కోట లొంగిపోయింది కదా?"

తడుముకోకుండా చెప్పాను. "లొంగిపోయింది సార్. అక్కడ ఓడ రాలేదు. ఇక్కడ వచ్చింది."

ఆయన పగలబడి నవ్వారు. ఉద్యోగం ఖాయమైంది.

ఆ జవాబును నా చమత్కారంగా ఎన్నో ఏళ్లు చెప్పుకు తిరిగాను. ఇప్పుడు తలుచుకుంటే నవ్వూ వస్తుంది, కాస్త సిగ్గూ వేస్తుంది. ఆ కరువులో ఆ అవ్వ దగ్గర రెండో మూట ఉండి ఉండదనీ, ఖాళీ గుడ్డ దులుపుకుని అంత దూరం పస్తుతో నడిచిపోయి ఉంటుందనీ, సర్వం తెలిసిన ఆ కుర్ర పంతులుకి తట్టనే లేదు.