అక్కను తెలియదన్నాను

సిరొంచలో జీపు నడుపుతాను. రెండేళ్ల కిందట ఎండాకాలంలో నలుగురు యువతీ యువకులు చిన్న కెమెరాతో సినిమా తీయడానికి వచ్చి నా బండి మాట్లాడుకున్నారు. విడిపోదామనుకున్న ఆలుమగలు దారి పొడవునా మళ్లీ దగ్గరయ్యే కథ అది.

అంకిసలో దాహమేసి ఒక ఇంటి ముందు ఆపమన్నారు. అది మా అక్క ఇల్లు. పొలం పంపకాల్లో గొడవై ఐదేళ్లుగా మాకు మాటల్లేవు. నేను దిగలేదు.

అక్క అందరికీ నీళ్లిచ్చి, చివరికి గ్లాసుతో నా దగ్గరికే వచ్చింది.

“తమ్మీ, ఎండల వడి వచ్చినవ్. జర నీళ్లు తాగుర.”

నేను ముఖం తిప్పుకున్నాను. వెనక సీట్లో ఉన్న హీరోయిన్, “ఆమె మీకు తెలుసా అన్నా?” అంది.

“తెల్వదమ్మా” అని జీపు స్టార్ట్ చేశాను. అక్కకు వినబడింది.

ఆ వానాకాలమే అక్క జ్వరంతో పోయింది.

తర్వాత వాళ్లు సినిమాను నా ఫోనుకు పంపారు. కెమెరా అప్పుడు వెనక్కి తిరిగి ఉందట. జీపు మలుపు తిరిగేదాకా అక్క నిండు గ్లాసుతో రోడ్డు మీదే నిలబడి ఉంది.

పొలం గొడవలో నేను కోపంతో అన్న మాటలన్నీ అక్క ఎప్పుడో మన్నించి ఉంటుంది. ఆ ఒక్క మాటను ఎట్లా భరించిందో అడుగుదామంటే, ఇప్పుడు అక్క లేదు.