నల్ల చట్రంలోకి ఒక ముఖం

తమియో పోయిన మర్నాడు, మధ్యాహ్నంలోగా ఒక ఫోటో కావాలన్నారు అంత్యక్రియలు చూసేవాళ్ళు. సాయంత్రం చివరిచూపుకి వచ్చేవాళ్ళు దానికే దండం పెడతారు. కూతురు చిసా అలమరలన్నీ కింద కుమ్మరించింది.

తమియో నలభై ఏళ్ళు క్యోటో స్టూడియోల్లో చిన్న వేషాలు వేసిన మనిషి. సత్రంలో పనిమనిషి, టీకొట్టు ముసలమ్మ, హీరో గుమ్మం దాటేలోపే కత్తివేటుకి కూలిపోయే దాసి. ప్రతి ఫోటోలోనూ విగ్గు, లేదా మసి, లేదా రక్తం. సొంత ముఖంతో ఒక్కటీ లేదు. ఇంట్లో ఎవరైనా కెమెరా తీస్తే, "ఇవాళ నాకు సెలవు, నా మొహానికీ సెలవే" అని చెయ్యి అడ్డం పెట్టుకునేది.

అప్పుడు గుర్తొచ్చింది చిసాకి. రెండేళ్ళ కిందట ఒక టీవీ నాటకంలో అమ్మది చనిపోయిన తల్లి వేషం. మాట లేదు, నడక లేదు. గోడమీద ఫోటో, అంతే. దానికోసం విగ్గు లేకుండా, తన బూడిదరంగు స్వెటర్‌లోనే నవ్వుతూ తీయించుకుంది. "ఇన్నాళ్ళకి నా మొహానికీ పని దొరికిందే!" అని ఎంత మురిసిపోయిందో.

చిసా సైకిలెక్కింది. స్టూడియో సామాన్ల గదిలో ముసలి కుమెజో వెదురు కత్తులకి వెండిరేకు అంటిస్తున్నాడు.

"బాబాయ్, ఆ నాటకంలో గోడకి పెట్టిన అమ్మ ఫోటో ఉందా?"

అతని చేతులు ఆగిపోయాయి. "అక్క... ఎప్పుడమ్మా?"

"నిన్న పొద్దున."

"లేదు తల్లీ. బతికున్న మనిషిని చావు ఫోటోలో చూపిస్తే, షూటింగ్ అయిన రోజే ఉప్పు చల్లి కాల్చేస్తాం కదా. నేనే కాల్చాను. అక్క పక్కనే నిలబడి, 'సరిగ్గా కాల్చరా కుమే, సగం మిగిల్చావంటే సగం ప్రాణంతో తిరగాలి నేను' అని ఒకటే నవ్వు."

"నెగెటివ్?"

"అదీ కాల్చాను. నూరేళ్ళుండాలని."

చిసాకి కోపం రాలేదు. వస్తే బాగుండుననిపించింది. కుమెజో సొరుగులన్నీ లాగి చివరికి ఒక స్టిల్ తీశాడు. ముందు కథానాయిక ఏడుస్తోంది. వెనక తమియో పళ్ళెం పట్టుకుని నిలబడింది. ఆ ఒక్కదాంట్లోనే ముఖంమీద రంగు తక్కువ.

సాయంత్రానికి ఆ ముఖం పెద్దదై, మసకబారి నల్ల చట్రంలోకి వచ్చింది. ఎంత కత్తిరించినా చెంప పక్కన కథానాయిక పట్టుబట్ట కట్టిన భుజం మిగిలిపోయింది. వరసలో ఒకావిడ పక్కావిడ చెవిలో, "ఆ భుజం ఎవరిదే?" అంది.

పక్కావిడ తడుముకోకుండా ఆ కథానాయిక పేరు చెప్పింది.

చిసా ఇద్దరికీ వంగి నమస్కరించింది.